చెవులతో చూడాల్సిన ఊరు

ఇటలీ వెళ్లినవాళ్లు గైడు వెంట నడిచి ఫ్లోరెన్స్ చూసొస్తారు. గజపతినగరానికి సుమారు 30 కిలోమీటర్ల దూరంలో మనకూ అలా నడిచి చూడదగ్గ ఊరు ఒకటుంది. కోట, నాటకం, ఫిడేలు, సిరిమాను... విజయనగరాన్ని కాలినడకన చదువుకునే కథనం ఈ వారం ప్రత్యేకం.

గజపతినగరం రైల్వేస్టేషన్లో ఒక వైపు వెళ్లే బండెక్కితే విజయనగరం వస్తుంది, రెండో వైపుదెక్కితే బొబ్బిలి. 1757 జనవరి 24న ఈ రెండు సంస్థానాల మధ్య జరిగిన యుద్ధాన్ని తెలుగునేల బుర్రకథల్లోనూ సినిమాల్లోనూ ఇప్పటికీ చెప్పుకుంటూనే ఉంది. నడుమనున్న మన ఊరివాళ్లకు మాత్రం రెండూ పనిమీద వెళ్లొచ్చే ఊళ్లే. ఆసుపత్రి, కలెక్టరాఫీసులో అర్జీ, పిల్ల పెళ్లికి చీరలు, కాలేజీలో ఫీజు... విజయనగరం బస్సెక్కేవాళ్లలో ఎవరిని కదిపినా వీటిలో ఏదో ఒకటే చెబుతారు. 'ఊరు చూడ్డానికి' అనే జవాబు వినపడటం అరుదు.

ఇటలీలో ఫ్లోరెన్స్‌కు ఏటా లక్షల మంది వెళ్లేది అచ్చంగా ఆ పనికే. అక్కడి నడక ఎలా ఉంటుందంటే, గైడు చేతిలో చిన్న జెండా, లేదంటే మడిచిన గొడుగు పైకెత్తి ముందు నడుస్తుంటాడు. వెనక పాతిక మంది చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని అతని మాట వింటూ సాగుతారు. 1436లో పూర్తయిన బ్రూనెల్లెస్కీ గుమ్మటం, 1345 నాటి పోంటే వెక్కియో వంతెన, 1560లో ప్రభుత్వ కార్యాలయాల కోసం కట్టడం మొదలై చివరికి చిత్రశాలగా మిగిలిన ఉఫీజీ... అన్నీ కాలినడకన చుట్టేసే దూరంలోనే. పూట తిరిగేసరికి ఒక నగరం ఆరేడు వందల ఏళ్ల కథ అర్థమైపోతుంది.

అదంతా అక్కడే ఉండటం వెనక ఒక స్త్రీ పెట్టిన షరతుంది. ఫ్లోరెన్స్‌ను ఏలిన మెడిచీ వంశంలో చివరిది ఆన్నా మారియా లూయిసా. తమ్ముడి తర్వాత వారసులు లేక రాజ్యం పరాయి వంశం చేతికి వెళ్తున్నప్పుడు, 1737లో ఆమె ఒక ఒప్పందం రాయించింది. మెడిచీలు పోగేసిన చిత్రాలు, శిల్పాలు, పుస్తకాలు నగరానికే చెందాలి, వాటిలో ఒక్కటి కూడా ఊరు దాటకూడదు అన్నది అందులోని మాట. ఈ రోజు గైడు జెండా పట్టుకుని నడుస్తున్నాడంటే ఆ కాగితం చలవే.

విజయనగరానికి పూసపాటి వంశం అలాంటిదే. కోట కట్టింది వాళ్లు, బళ్లు పెట్టింది వాళ్లు. జమీందారీలు రద్దయ్యాక 1958లో పి.వి.జి.రాజు తండ్రి అలక్ నారాయణ గజపతి పేరున మాన్సాస్ ట్రస్టు పెట్టి కోటను చదువులకు ఇచ్చేసిందీ వాళ్లే. తేడా ఒక్కటే. మెడిచీల సొమ్ములో పెద్ద వాటా రంగుల్లోకీ పాలరాతిలోకీ వెళ్లింది. పూసపాటి వారిది ఎక్కువగా గొంతుల్లోకీ తంత్రుల్లోకీ నాటకంలోకీ పాఠంలోకీ వెళ్లింది. అందుకే విజయనగరంలో కళ్లతో వెతికితే దొరికేది తక్కువ. ఎవరైనా పక్కన నిలబడి వినిపిస్తేనే ఈ ఊరు కనిపిస్తుంది.

నగారా మోగిన గుమ్మం

ఈమధ్య ఒక ఆదివారం మా వైపు నుంచి కొందరు డిగ్రీ పిల్లల్ని ఒక రిటైరైన తెలుగు మాస్టారు విజయనగరం తీసుకెళ్తుంటే నేనూ కలిశాను. కాంప్లెక్సులో బస్సు దిగి నేరుగా కోట ముందుకు చేరాం. లోపల కాలేజీలు నడుస్తున్న కోట అది. బైకుల మీద వచ్చేవాళ్లూ పోయేవాళ్లూ మమ్మల్ని వింతగా చూశారు.

"మాస్టారూ, ఇందులో చూడ్డానికేటుందండి? గోడలూ తలుపులే కదండీ" అన్నాడు బీకాం చదివే కుర్రాడు.

"చూడ్డానికి కాదురా నాయనా, వినడానికి తీసుకొచ్చేను. ముందు తలెత్తి ఆ పైఅంతస్తు చూడు" అన్నారాయన.

ఆయన చూపించింది నగర్ఖానా. కోట ప్రధాన ద్వారానికి ఆ పేరు వచ్చింది పైన మోగే నగారాల వల్ల. రాజుగారి రాకపోకలు, సంస్థానం ఆజ్ఞలు ఊరికి మొదట చేరింది అక్కడి మోతగానే. గోడ ఎత్తెంత, బురుజులెన్ని అన్న లెక్కలు తర్వాత. ఆ గుమ్మం కింద నిలబడి ఒక్కసారి నగారా మోతను ఊహించుకుంటే కోట ఎవరితో మాట్లాడేదో తెలుస్తుంది.

లెక్కలూ చెప్పుకోదగ్గవే. 1713లో మొదటి విజయరామరాజు ఈ కోటకు పునాది వేయించారు. విజయ నామ సంవత్సరం, విజయదశమి, జయవారమని పిలిచే మంగళవారం... ఇలా ముహూర్తంలో 'విజయా'లన్నీ కలిసొచ్చేలా చూసుకున్నారని ఊళ్లో చెప్పుకుంటారు. ఆ స్థలాన్ని చూపించింది మహబూబ్ వలీ అనే ముస్లిం సాధువని ఇంకో కథ. చదరంగా, నాలుగు మూలలా బురుజులతో సుమారు 26 ఎకరాల్లో విస్తరించిన రాతికోట ఇది. ఇక్కడి రాజులు ఇద్దరు యుద్ధాల నీడలోనే పోయారు. బొబ్బిలి యుద్ధం ముగిసిన వెంటనే పెద విజయరామరాజు బొబ్బిలి వీరుడు తాండ్ర పాపారాయుడి చేతిలో హతమయ్యారు. చిన విజయరామరాజు 1794 జులై 10న పద్మనాభం దగ్గర ఈస్టిండియా కంపెనీ సేనలతో పోరాడుతూ నేలకొరిగారు. ఆ తర్వాత కత్తికి పని తగ్గింది. కలానికీ గొంతుకీ పని పెరిగింది.

1857లో పాఠశాలగా మొదలైన మహారాజా వారి విద్యాసంస్థ 1879 నాటికి ఎం.ఆర్.కాలేజీ అయింది. 1860లోనే సంస్కృత కళాశాల వచ్చింది. ఆ ఎం.ఆర్.కాలేజీలో ఇంగ్లిషు పాఠాలు చెప్పిన రోణంకి అప్పలస్వామి ఎన్నో యూరప్ భాషలు నేర్చి, ఫ్లోరెన్స్ కొలువులో పనిచేసిన మాకియవెల్లి రాసిన 'ది ప్రిన్స్'ను తెలుగులోకి తెచ్చారు. ఇటలీ నగరానికీ మన జిల్లా కేంద్రానికీ అలా పుస్తకాల చుట్టరికం కూడా ఉంది.

గిరీశం నిలబడ్డ చోటు

కోట దగ్గర్లోనే బొంకులదిబ్బ. తెలియనివాళ్లు అక్కడ ఒక్క క్షణం కూడా ఆగరు. తెలుగు నాటకం చదివినవాళ్లకు మాత్రం అది మొక్కాల్సిన చోటు. 'కన్యాశుల్కం' తెర లేచేది అక్కడే. ఊళ్లో అందరికీ బాకీపడి, ముఖం చెల్లక, ఎలా జారుకోవాలా అని గిరీశం లెక్కలు వేసుకునే చోటు అదే. శిష్యుడు వెంకటేశానికి సెలవుల్లో చదువు చెప్పే వంకతో కృష్ణరాయపురం అగ్రహారం చేరుకునే ఎత్తు ఆ దిబ్బ మీదే పడింది.

మాస్టారు సంచిలోంచి పుస్తకం తీసి మొదటి రంగం చదివించారు. గిరీశం వేషం బీకాం కుర్రాడికే ఇచ్చారు. మొదట్లో నత్తినత్తిగా చదివినవాడు రెండో పేజీకి వచ్చేసరికి చెయ్యి ఊపడం మొదలెట్టాడు. పక్కనే బండి మీద జామకాయలు అమ్ముతున్న ఆవిడ తూకం ఆపి "మా ఊరి పేరే సెప్తన్నాడు" అని నవ్వింది. నూటపాతికేళ్ల కిందటి సంభాషణకు ఇప్పటికీ అక్కడ శ్రోతలున్నారు, ఎందుకంటే అందులోని యాస ఇంకా ఆ రోడ్డు మీదే తిరుగుతోంది.

గురజాడ అప్పారావు ఈ నాటకాన్ని నవ్వించడానికి మాత్రమే రాయలేదు. మహారాజా ఆనందగజపతి విశాఖ జిల్లాలో శుల్కం పుచ్చుకుని చేసిన పెళ్లిళ్ల లెక్క తీయిస్తే, మూడేళ్లలో నమోదైనవే 1034 తేలాయి. అందులో ఏడాది వయసు పిల్లలు ముగ్గురు. ఆ జాబితా గురించి గురజాడే తన ముందుమాటలో రాశారు. 1892లో ఈ ఊళ్లోనే తొలి ప్రదర్శన, 1897లో అచ్చు, 1909లో బాగా పెంచి రాసిన రెండో కూర్పు. ఒక సంస్థానం చేయించిన సర్వే కాగితం ఏళ్ల తరబడి నలిగి నాటకంలో మధురవాణి మాటయింది.

కోటకు కూతవేటు దూరంలో గురజాడ ఇల్లు ఉంది. ఆయన వాడిన వస్తువులు కొన్ని అందులో భద్రపరిచారు. ఇక్కడ ఫ్లోరెన్స్ మాట ఒకటి గుర్తు చేసుకోవాలి. పండితుల లాటిన్‌ను కాదని జనం మాట్లాడే టస్కనీ పలుకులో మహాకావ్యం రాసినవాడు డాంటే. సొంత ఊరు ఆయన్ని 1302లో వెలివేసింది. 1321లో రావెన్నాలో కన్నుమూశాడు. ఇప్పుడు టూరిస్టులు టికెట్టు కొని చూసే 'డాంటే ఇల్లు' 20వ శతాబ్దం మొదట్లో పాత పద్ధతిలో కొత్తగా కట్టింది. మన దగ్గర ఉన్నది గురజాడ నిజంగా బతికిన ఇల్లు. ఆయనా, వాడుక భాష కోసం జీవితాంతం కొట్లాడిన గిడుగు రామమూర్తీ ఈ ఊళ్లోనే కలిసి చదువుకున్నారు. మనం ఇవాళ పేపర్లో చదివే తెలుగు మూలాలు వెతుక్కుంటూ వెళ్తే ఈ వీధుల్లోకే వచ్చి చేరతాం.

ఇటలీ వాద్యం, ఇక్కడి నాదం

ఇక మహారాజా సంగీత కళాశాల. 1919లో మొదలైంది. సంస్థానంలో పనిచేసే ఒకరి అంధుడైన కొడుకు సంగీతం నేర్చుకోవాలని ఆశపడితే, ఆ ఒక్కడి కోసం తలపెట్టింది అందరి కోసం బడిగా మారిందని చెప్పుకుంటారు. మొదటి ప్రిన్సిపాల్ హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు. బొబ్బిలి దగ్గరి అజ్జాడలో 1864లో పుట్టిన ఈయన కాలికి గజ్జె కట్టి నిలబడితే ఆటా పాటా మాటా ఒక్కరిలోనే. అయిదు తాళాలను ఒకేసారి నడిపేవారు. పారశీకం నేర్చి ఉమర్ ఖయ్యాం రుబాయీలను మూలం నుంచి సంస్కృతంలోకీ అచ్చతెలుగులోకీ తెచ్చారు.

ఆయన పక్కన ద్వారం వెంకటస్వామి నాయుడు. విద్యార్థిగా చేరదామని వచ్చిన యువకుడి వాద్యం విని ఆచార్యుడిగానే తీసుకున్నారన్నది ఈ కళాశాల తొలినాళ్ల ముచ్చట. 1936లో ప్రిన్సిపాల్ అయ్యారు. ఊరు ఆయన్ని 'ఫిడేలు నాయుడుగారు' అంది. ఆ ఫిడేలు పుట్టిందే ఇటలీలో, 16వ శతాబ్దంలో. ఆమాటి, స్ట్రాడివారి కుటుంబాల వల్ల క్రెమోనా పట్టణం దానికి పుట్టిల్లయింది.

అదే పెట్టె విజయనగరం వచ్చేసరికి కూర్చునే తీరు మార్చుకుంది. అక్కడ వాయించేవాళ్లు గడ్డం కింద నొక్కిపట్టి, మెడతో ఆపి, ఎక్కువగా నిలబడి వాయిస్తారు. ఇక్కడ బాసింపట్టు వేసుకుని కూర్చుని, పెట్టెను ఛాతీకి ఆనించి, చివరనున్న చుట్టను కుడిపాదం చీలమండ మీద నిలబెడతారు. దాంతో ఎడమచెయ్యి మోసే పనిలోంచి బయటపడుతుంది. తంత్రి మీద వేలు పైకీ కిందికీ జారగలుగుతుంది. గమకం పలికేది ఆ జారుడులోనే. అక్కడ నాలుగు తంత్రులు నాలుగు వేర్వేరు స్వరాలు. ఇక్కడ స-ప-స-ప అని గాయకుడి శ్రుతికి బిగిస్తారు. నాయుడుగారి వాద్యం విన్న పాశ్చాత్య ఫిడేలు విద్వాంసుడు యెహూదీ మెనూహిన్ అంతటివాడు ముగ్ధుడయ్యాడంటే, తాను పుట్టి పెరిగిన సంప్రదాయపు వాద్యం ఇంత దూరంలో మరో భాష మాట్లాడటం విన్నందుకే కావచ్చు.

ఈ కళాశాల మెట్లెక్కిన పిల్లల్లో ఘంటసాల ఒకరు. తిండికి దారిలేని రోజుల్లో గురువు పట్రాయని సీతారామశాస్త్రి అండగా నిలిచారు. వీధుల్లో మధూకరం ఎత్తుకుని చదువు సాగించానని తర్వాతి కాలంలో ఆయన దాచుకోకుండా చెప్పుకున్నారు. ఆ జోలెలో అన్నం వేసిన ఇళ్లేవో ఇప్పుడెవరికీ తెలియకపోవచ్చు గానీ ఆ వీధులు ఇవే. ఈ ఊళ్లోనే 1935లో పుట్టిన పి.సుశీల కూడా ఇక్కడే సంగీతం నేర్చారు. ఆమె పాట రాని ఇల్లు తెలుగునాట లేదు. ఆమె నేర్చిన బడి చూసినవాళ్లు మాత్రం మన జిల్లాలోనే తక్కువ.

ఊరంతా గైడయ్యే రోజు

నడకలో చివరికి బజారు. 1885లో ఎనిమిది పలకలుగా, సుమారు 68 అడుగుల ఎత్తున లేపిన గంటస్తంభం దగ్గర జనం ఎప్పుడూ కిటకిటలాడుతూ ఉంటారు. అక్కడి నుంచి మూడు లాంతర్ల వైపు వెళ్తే పైడితల్లి అమ్మవారి చదురుగుడి. రైల్వేస్టేషన్ దగ్గరిది వనంగుడి.

పైడిమాంబ అని పిలిచే ఈ అమ్మవారు పెద విజయరామరాజు ఇంటి ఆడపడుచు. బొబ్బిలి యుద్ధం వద్దని అన్నను వారించిందనీ, ఆయన మరణవార్త విని పెద్దచెరువులో లీనమైందనీ కథ. యుద్ధం గెలిచిన రాజుకు కోటలో పటం ఉంటుంది. యుద్ధం వద్దన్న ఆడపడుచుకు ఊరు గుడి కట్టింది. విజయదశమి వెళ్లిన మంగళవారం జరిగే సిరిమానోత్సవం ఆమెకే. పూజారి కలలో అమ్మవారు చూపించిన చింతమానును తెచ్చి చెక్కుతారు. యాభై అరవై అడుగుల ఆ మాను కొసన ఆసనం కట్టి పూజారిని కూర్చోబెడతారు. ముందు పాలధార, తెల్ల ఏనుగు, అంజలి రథం, బెస్తవారి వల సాగుతుంటే సిరిమాను గుడికీ కోటకీ మధ్య మూడుసార్లు తిరుగుతుంది. జనం మాను మీదికి అరటిపళ్లు విసిరి మొక్కు తీర్చుకుంటారు.

ఆ రోజు ఈ ఊరికి గైడు అక్కర్లేదు. అరుగు మీది ప్రతి మామ్మా మనవడికి వేలు చూపించి చెబుతుంది. వల ఎందుకు పట్టారు, ఏనుగు తెల్లగా ఎందుకుంది, అమ్మ చెరువులోకి ఎలా వెళ్లింది... తప్పో ఒప్పో కథ నోటి నుంచి నోటికి నడుస్తుంది. లక్షల మంది వింటారు. అంటే చెప్పడం మనకు చేతకాక కాదు. మిగతా 364 రోజులూ అడిగేవాళ్లు లేరంతే.

బండి రెండో వైపు

విజయనగరం నడక అక్కడితో ఆపితే కథ సగమే. గజపతినగరం దాటి అటు వెళ్తే బొబ్బిలి, దాని పక్కన గొల్లపల్లి. సర్వసిద్ధి కుటుంబాలు తరతరాలుగా వీణలు చేస్తున్న ఊరు అది. ఒకే పనసమాను తొలిచి చేసే ఏకాండి వీణ వీళ్ల గొప్ప. కుండ, దండి విడివిడిగా చేసి అతికించడం ఉండదు. లోపలి చెక్కను ఎంత పల్చన తొలచాలో ఉలి పట్టిన చెయ్యికి తెలియాలి. మధ్యమధ్య వేలితో కొట్టి నాదం వింటారు. చివరగా దండి మీద మైనం పోసి 24 మెట్లు నిలబెడతారు. ఒక్క మెట్టు వెంట్రుకవాసి పక్కకు జరిగినా స్వరం తప్పుతుంది. అంచేత మైనం ఆరకముందే ఒక్కో మెట్టునూ మీటుతూ, వింటూ సరిచేస్తారు. కొలబద్ద ఇక్కడ చెవే.

క్రెమోనాలో ఫిడేళ్ల తయారీని 2012లో యునెస్కో మానవాళి వారసత్వాల జాబితాలో చేర్చింది. అక్కడికి వెళ్లే యాత్రికులు పనివాడి బల్ల దగ్గర నిలబడి రంపపుపొట్టు వాసన చూసొస్తారు. మన బొబ్బిలి వీణకు భౌగోళిక గుర్తింపు ఉంది. అతిథులకు జ్ఞాపికలుగా ఇచ్చే బుల్లి వీణలకు గిరాకీ ఉంది. ఆ బుల్లి వీణ అల్మారాలో పెట్టుకున్నవాళ్లలో మైనం మీద మెట్టు నిలబెట్టడం చూసినవాళ్లు ఎందరుంటారు?

ఫ్లోరెన్స్‌కూ పొరుగు నగరం సియెనాకూ ఒకప్పుడు పచ్చగడ్డి వేస్తే భగ్గుమనేది. ఇవాళ రెండింటినీ కలిపి ఒకే యాత్రగా చూపిస్తున్నారు. విజయనగరం, బొబ్బిలి కూడా అలా ఒకే దారంలో గుచ్చదగినవే. ఆ దారం మన పట్టాలే.

నడక ఇలా సాగితే బాగుంటుంది

ఉదయం ఎండ ముదరకముందే కోట, నగర్ఖానా. అక్కడి నుంచి బొంకులదిబ్బ, అక్కడే 'కన్యాశుల్కం' మొదటి రంగం పఠనం. తర్వాత గురజాడ ఇల్లు. ఎండెక్కాక సంగీత కళాశాల వైపు. మధ్యాహ్నం బజారులో భోజనం, గంటస్తంభం, మూడు లాంతర్లు, చదురుగుడి. బొబ్బిలి, గొల్లపల్లిని ఇంకో రోజుకు ఉంచుకోవడం మేలు. సెలవుల్లో కళాశాల, గురజాడ ఇల్లు తెరిచి ఉంటాయో లేదో ముందే కనుక్కోవాలి. ఓపికున్నవాళ్లు నెల్లిమర్ల దగ్గరి రామతీర్థం కొండల్లో బౌద్ధ, జైన శిథిలాలనూ కలుపుకోవచ్చు.

ఎవరు చెబుతారు?

ఇటలీలో గైడు కావాలంటే పరీక్ష పాసై లైసెన్సు తెచ్చుకోవాలి. దానికి దేశమంతటికీ ఒకే పరీక్ష ఉండేలా 2023లో చట్టం చేశారు. కథ చెప్పడం కూడా ఒక వృత్తేనని వాళ్ల నమ్మకం. మనం ఇంకా ఫలకం దగ్గరే ఆగాం. ఫలకం మీద పేరు, సంవత్సరం ఉంటాయి. ఫిడేలు ఎలా కూర్చుందో, గిరీశం ఎందుకు జారుకున్నాడో ఉండదు.

దీనికి కోట్లు అక్కర్లేదు. తెలుగు ఎం.ఏ. చదివే పిల్లలు ఇద్దరు, సంగీత కళాశాలలో పాట నేర్చుకునే పిల్ల ఒకతె, ఊరి సంగతులు తెలిసిన పెద్దాయన ఒకరు చాలు, ఆదివారం పూట ఒక బృందాన్ని నడిపించడానికి. నాటకం చదివే గొంతుకు, కీర్తన పాడే గొంతుకు, దారి చూపే మనిషికి రోజు కూలి గిట్టేంత రుసుము పెడితే వాళ్లకూ అదొక దారి. కాలేజీలు అనుమతివ్వాలి, పురపాలక సంఘం దారిలో కూర్చునే చోటు, మంచినీళ్లు చూడాలి.

అన్నిటికన్నా ముందు తేల్చుకోవాల్సింది ఈ నడక ఎవరికి అన్నది. పర్యాటకం అనగానే మనవాళ్ల చూపు విశాఖలో దిగే విమానం మీదికి పోతుంది. విజయనగరానికి మొదటి యాత్రికులు విమానంలో రారు. గజపతినగరం, సాలూరు, చీపురుపల్లి, బొబ్బిలి బళ్ల నుంచి ఆర్టీసీ బస్సులో వస్తారు. ఆ రోజు తిరుగు బస్సులో బీకాం కుర్రాడు గిరీశం మాటలు మళ్లీ మళ్లీ అనుకరిస్తూ బస్సంతా నవ్వించాడు. పుస్తకం మాస్టారి దగ్గర అరువు పుచ్చుకున్నాడు కూడా. ఇంకో నాలుగేళ్లలో ఆ నగర్ఖానా కింద నిలబడి పదిమందికి చెప్పగలిగేది వాడే. అలాంటి వాళ్లను తయారుచేసుకుంటే జెండా పట్టే చెయ్యి బయటి నుంచి తెచ్చుకోనక్కర్లేదు.